సవరణ: పీఎఫ్ పెన్షన్ వయసు గురించి

గాజువాక, ఆటోనగర్ కార్మికుల కోసం పెట్టిన పీఎఫ్ పెన్షన్ పోస్టులో ‘58 నిండాకే పెన్షన్’ అన్న వాక్యాన్ని ఇలా మార్చి చదవండి. పదేళ్ల సర్వీసు ఉండి, ఉద్యోగం మానేసినవాళ్లు 50 నిండాక కూడా తీసుకోవచ్చు. అయితే 58కి తగ్గిన ప్రతి ఏడాదికీ 4 శాతం కోత పడుతుంది. ఆ కోత జీవితాంతం ఉంటుంది, 58 వచ్చాక పూర్తి పెన్షన్‌గా మారదు.

అసలు పెన్షనే తక్కువ. సగటు జీతం 15,000, లెక్కలోకి వచ్చే సర్వీసు 28 ఏళ్లు అనుకుంటే, రెండింటినీ గుణించి 70తో భాగిస్తే నెలకు 6,000 రూపాయలే.

కాంట్రాక్టు పని ఆగిపోయి ఇల్లు గడవనివాళ్లని ఆగమనడం న్యాయం కాదు. కానీ పిల్ల పెళ్లి ఖర్చుల టెన్షన్‌తో మాత్రం దయచేసి ముందే దరఖాస్తు పెట్టకండి.