బీమా లేకపోతే చెప్పినంతా కట్టాల్సిందేనా?

బీమా లేని కుటుంబాలకు హితవు చెబుతున్నట్టుగా ఒక సందేశం తెగ తిరుగుతోంది. అందులో ఉన్నవి నాలుగు మాటలు, నాలుగూ తప్పే.

‘ఆసుపత్రి బిల్లు తగ్గదు.’ మొత్తం ఒక్కటే రాసిచ్చిన కాగితం పట్టుకుని బతిమాలితే నిజంగానే తగ్గదు. పద్దుల వారీ బిల్లు అడిగి తీసుకోండి. కేస్ షీట్, డిశ్చార్జి సమ్మరీ పక్కన పెట్టుకుని వరసగా సరిచూడండి. తరచూ దొరికే తప్పులు: తిరిగిచ్చేసిన మందులు లెక్కలోనే ఉండిపోవడం, ఒకే పరీక్ష రెండుసార్లు పడటం, ప్యాకేజీలో కలిసే ఉన్న గ్లౌజులు, సిరంజీలు విడిగా మళ్లీ వేయడం. వాటిని గుర్తుపెట్టి బిల్లింగ్ విభాగానికి రాసివ్వండి, నకలు దగ్గరుంచుకోండి. తప్పులు తీసేశాకే రాయితీ అడగాలి, ఆపైన వాయిదాలు. మొహమాటానికి పెద్ద వాయిదా ఒప్పుకుంటే రెండో నెలకే మాట తప్పాల్సి వస్తుంది.

‘డబ్బు లేదని డాక్టరుకు చెప్పకండి.’ చీటీ రాయకముందే చెప్పాలి, రాశాక చెబితే సగం లాభం పోయినట్టే. ‘ఈ పరీక్షలో ఏం తేలినా మందు మారుతుందా? మారకపోతే ఇప్పుడే కావాలా? పాత రిపోర్టు సరిపోదా?’ అని అడగడంలో తప్పేమీ లేదు.

‘జనరిక్ మందుల్లో బలం తక్కువ.’ అన్నిటికన్నా హాని చేసేది ఈ మాటే. అనుమతి పొందిన జనరిక్‌లో మందూ మోతాదూ అసలు బ్రాండువే. అది రక్తంలోకి చేరే తీరును బ్రాండుతో పోల్చినప్పుడు 90 శాతం విశ్వసనీయతా అవధి (అంచనా అటూఇటూ అయ్యే హద్దులు) మొత్తం 80–125 శాతం మధ్యే ఉండాలి. ఆ 80 చూసి మాత్రలో 20 శాతం మందు తక్కువనుకుంటారు. అది గణాంకాల హద్దు, మాత్రలోని మందు కొలత కాదు. అయితే రక్తం గడ్డకట్టకుండా వాడే వార్ఫరిన్, మూర్ఛకు వాడే ఫెనిటోయిన్, థైరాయిడ్‌కు వాడే లెవోథైరాక్సిన్ లాంటివాటికి స్వల్ప తేడా కూడా పట్టింపే. కంపెనీ మార్చేముందు డాక్టరుకు చెప్పండి. వార్ఫరిన్ మారితే రక్తం ఎంతసేపట్లో గడ్డకడుతుందో చూసే ఐఎన్ఆర్ పరీక్ష మళ్లీ చేయించాలి.

‘డబ్బు చేతికందాకే వెళ్లండి.’ తొందర లేని ఆపరేషన్‌ను డాక్టరునడిగి వాయిదా వేసుకోవచ్చు. ఛాతీనొప్పి, ఆయాసం, మూతి వంకరపోవడం, ఒకపక్క చెయ్యీకాలూ పడిపోవడం అలా కాదు. పక్షవాతంలో గడ్డ కరిగించే ఇంజెక్షన్‌కు మామూలుగా గడువు లక్షణాలు మొదలైన దగ్గర్నుంచి నాలుగున్నర గంటలే. ఖర్చు కలిసొస్తుందని బీపీ మాత్రలు రోజు విడిచి రోజు వేసుకోవడమూ చికిత్స వాయిదా వేయడం కిందే లెక్క.