తాళం తలుపుకు అంటించిన సమన్లు

అన్న కడప పక్క పల్లెలో, తమ్ముడు కువైట్‌లో. శుక్రవారం వచ్చిందంటే వీడియో కాల్. అమ్మ మోకాళ్ల నొప్పి, టమాటా ధర, మేనల్లుడి చదువు, అన్నీ దొర్లుతాయి. అదే అన్న వేసిన భాగపంపకాల దావాలో మాత్రం తమ్ముడి చిరునామా ఊళ్లో తాళం పడిన ఇల్లు. సమన్లు ఇచ్చే కోర్టు ఉద్యోగి, అమీనా, వస్తాడు. ఇల్లు ఏదని అడిగితే చూపించేది వాది మనిషే. సమన్ల కాగితం తలుపుకు అంటుకుంటుంది, నాలుగు రోజుల్లో గాలికి పోతుంది. ప్రతివాది పిలిచినా పలకలేదని ఎక్స్‌పార్టీ చేస్తారు, అంటే అతను లేకుండానే దావా నడిపిస్తారు. నాన్న వీలునామా రాశాడన్న మాటకు ఎదురు చెప్పేవాడు లేక, ఎవరి వాటా ఎంతో తేల్చే ప్రిలిమినరీ డిక్రీ వచ్చేస్తుంది. గల్ఫ్ బతుకులు అలవాటైన ఈ ప్రాంతంలో ఇలాంటి దావాను ఊహించడానికి కష్టపడనక్కర్లేదు.

ఈ డిక్రీని రద్దు చేయించుకునే దారి సివిల్ ప్రొసీజర్ కోడ్ 9వ ఆర్డరు 13వ రూలులో ఉంది. సమన్లు సక్రమంగా అందలేదనైనా చూపాలి, వాయిదాకు రాలేకపోవడానికి తగిన కారణమైనా చూపాలి. గడువు 30 రోజులు. అయితే సమన్లు సరిగా అందనివారికి ఆ 30 రోజులు డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచే మొదలవుతాయని 1963 కాలపరిమితి చట్టం 123వ అధికరణం చెబుతోంది. ఈ ముక్కను మనవాళ్లు తరచూ మరిచిపోతారు. అసలు ఆలస్యమే లేని చోట ఆలస్యం మన్నించమని అదే చట్టం సెక్షన్ 5 కింద పిటిషన్ వేసి, దానికి జ్వరం సర్టిఫికెట్ ఒకటి తగిలిస్తారు. తప్పు చేయనివాడు చేతులు కట్టుకుని నిలబడటమే ఇది. ఆ తర్వాత వాదనంతా రోజుల లెక్క మీదే నడుస్తుంది, అమీనా రిపోర్టును విప్పి చూసేవారుండరు.

విప్పి చూడాల్సింది ఆ రిపోర్టునే. తలుపుకు అంటించినప్పుడు ఏ పరిస్థితిలో అంటించిందీ, ఇల్లు ఎవరు చూపించిందీ, ఎవరి ఎదుట అంటించిందీ రాయాలని 5వ ఆర్డరు 17వ రూలు అంటోంది. ఇంట్లో వేరేవారికి ఇచ్చినా, వారు ప్రతివాదితో కలిసి ఉంటున్న వయోజన కుటుంబ సభ్యులై ఉండాలి. ప్రొద్దుటూరులో కాపురముంటున్న ఆడపడుచు సమన్లను పుట్టింట్లో అన్న సంతకం పెట్టి తీసుకుంటే అది ఆమెకు అందినట్టు కాదు. ఆంధ్రప్రదేశ్ 1986లోనే హిందూ వారసత్వ చట్టానికి సవరణ తెచ్చి, 2005లో కేంద్రం దేశమంతటికీ వర్తింపజేసిన కూతుళ్ల వాటా ఇలాంటి సంతకాల కింద నలిగిపోకూడదు.

అలాగని తలుపు తట్టిన ప్రతివారికీ డిక్రీ రద్దు చేయమనడం లేదు. సమన్లు చేతికందినా చూద్దాంలే అని ఊరుకుని, వాటాలు కొలవడానికి కోర్టు పంపిన కమిషనర్ టేపు పట్టుకుని పొలంలో దిగాక పరుగెత్తుకొచ్చేవారూ ఉన్నారు. వాయిదా తేదీ ముందే తెలిసి, తగినంత సమయం కూడా ఉన్నప్పుడు సమన్ల అందజేతలో చిన్న లోపం చూపి డిక్రీ రద్దు చేయరాదని ఆ 9వ ఆర్డరు 13వ రూలే అంటోంది. తగిన కారణం చూపినవారికైనా ఖర్చులు కట్టించి, వాయిదా గట్టిగా నిర్ణయించి అవకాశమివ్వాలని మా అభిప్రాయం.

వాదులూ ఒక సంగతి గ్రహించాలి. డిక్రీని ఒక్కరి మేరకే రద్దు చేయడం కుదరనిదైతే మిగతా ప్రతివాదుల మీద కూడా రద్దు చేయవచ్చు. పంపకాల్లో ఒకరి వాటా కదిలితే అందరి వాటాలూ కదులుతాయి. చిరునామాలో చేసిన తెలివి ఏళ్ల తర్వాత సొంత డిక్రీకే ఎసరు తెస్తుంది.

రిజిస్టర్డ్ పోస్టు, స్పీడ్ పోస్టు, కొరియర్, ఈ-మెయిల్, అన్నిటికీ కోడ్‌లో చోటుంది. దావాలో కువైట్ చిరునామా, ఫోన్ నంబరు రాయించడం పెద్ద పని కాదు. ఎక్స్‌పార్టీ చేసే ముందు వాదిని బోనెక్కించి ప్రమాణం మీద ఒక్క మాట అడిగినా చాలు, తమ్ముడితో చివరిసారి ఎప్పుడు మాట్లాడావని.