బాపిరాజును ఒక్క మాటతో సరిపెట్టేస్తున్నాం

గుంటూరులో ఏ సాహిత్య సభకు వెళ్లినా అడివి బాపిరాజు పేరు రాగానే వక్త గొంతు సవరించుకుని ‘బహుముఖ ప్రజ్ఞాశాలి’ అనేస్తారు, అక్కడితో పనైపోతుంది. నాకు ఆ మాటంటే చిరాకు. నవలలు రాశారు, బొమ్మలు వేశారు, పాటలు కట్టారు, సినిమాలకు కళాదర్శకత్వం చేశారు, పత్రిక నడిపారు అని రేషన్ కార్డులో పేర్లు చదివినట్టు చదివేస్తే ఒక పనిలోంచి ఇంకో పనిలోకి ఆయన ఏం తీసుకెళ్లారన్నది తెలియనే తెలియదు.

అది తెలియాలంటే ఆయన నవల ‘హిమబిందు’ చదవాలి. శాతవాహనుల కాలం, ధాన్యకటకం, అంటే మన అమరావతే. నాయకుడు సువర్ణశ్రీ శిల్పి. నగలూ తలపాగాలూ రథాలూ వచ్చినప్పుడల్లా కథ ఆగిపోతుంది. మొదటిసారి నేను పేజీలు తిప్పేశాను, ఒప్పుకుంటున్నా. తర్వాతెప్పుడో అమరావతి మ్యూజియంలో ఆ సున్నపురాయి ఫలకాల ముందు నిలబడి, ఇంత చిన్న జాగాలో ఇంతమంది మనుషులు ఎలా ఇమిడారా అని చూస్తుంటే ఆ పేజీలు గుర్తొచ్చాయి. ఆయన కథ చెప్పడం ఆపి వర్ణించడం లేదు, ముందు బొమ్మ కట్టి తర్వాత అందులోని మనుషుల చేత మాట్లాడిస్తున్నారు. బందరు ఆంధ్ర జాతీయ కళాశాలలో ప్రమోద్ కుమార్ చటోపాధ్యాయ దగ్గర నేర్చుకున్న చిత్రకళ ఇక్కడ గద్యంగా మారింది. నా దృష్టిలో ఆయన అసలు ప్రయోగం ఇదే.

అదే చూపు తన కాలపు కథకు వచ్చేసరికి కొంచెం దెబ్బకొట్టింది. 1934లో ఆంధ్ర విశ్వవిద్యాలయం నవలల పోటీ బహుమతిని ‘వేయిపడగలు’తో కలిసి పంచుకున్న ‘నారాయణరావు’లో మనుషులు మరీ అందంగా, మరీ మంచిగా ఉంటారు. రాతిఫలకం మీదైతే అందం సరిపోతుంది, ఇంట్లో కాపురం చేసేవాళ్లకు అంత అందం నప్పదు.

మిగతా జీవితం చూస్తే సహాయ నిరాకరణలో జైలు, తర్వాత ప్లీడరీ, చదువుకున్న కళాశాలకే ప్రిన్సిపాల్ పని, 1936లో వచ్చిన ‘అనసూయ’, ‘ధ్రువ విజయం’ సినిమాలకు కళాదర్శకత్వం, 1940ల్లో హైదరాబాదులో ‘మీజాన్’ పత్రిక సంపాదకత్వం. ఇన్ని మలుపుల్లో కొన్ని సరదా కొద్దీ కాదు, ఇల్లు గడవడానికి తీసుకున్నవేనని నా అనుమానం. పదో తరగతి కాకముందే ఎంపీసీయా బైపీసీయా అని నిలదీసే మా ఊళ్లో ఇవాళ ఎవరైనా ఇలా తిరిగితే ‘స్థిరం లేని మనిషి’ అంటారు, పోయాక మాత్రం సభ పెడతారు. 1952లో పోయేనాటికి ఆయనకు యాభై ఏడు కూడా నిండలేదు.

‘రుద్రమదేవి’ సినిమాలో అల్లు అర్జున్ వేశాక, బాపిరాజు నవలగా రాసిన గోన గన్నారెడ్డి పేరు పిల్లలకూ తెలిసింది, మంచిదే. కానీ గుంటూరువాళ్లు ముందు ‘హిమబిందు’ పట్టుకోండి, అదీ అమరావతి వెళ్లొచ్చాక. అక్కడి ఫలకాల్లో చాలావాటిని ఎప్పుడో చెన్నైకీ లండన్‌కీ తరలించేశారు. ఈ నవల మాత్రం అలా ఎక్కడికీ పోలేదు, పాత పుస్తకాల షాపులో అడగండి.