ఆర్థిక పరిశోధన అటకెక్కుతుందా? నాలుగు వాదనలకు జవాబు

"ఆర్థికవేత్తల పరిశోధనకూ ప్రభుత్వ నిర్ణయాలకూ సంబంధమే లేదు" అనే మాట చాలామంది పంచుకుంటున్నారు. దానికి నాలుగు కారణాలు చూపిస్తారు. ఆ అధ్యయనాలు చదివే అధికారి ఉండడట. నాయకులు ముందే నిర్ణయం తీసుకుని, ముద్ర వేయించుకోవడానికే నిపుణులను పిలుస్తారట. ఇద్దరు ఆర్థికవేత్తలు ఒక మాట మీద నిలవరట. ఒకచోట ఫలించింది ఇంకోచోట ఫలించదట. నాలుగింటిలోనూ ఎంతో కొంత నిజం ఉంది కాబట్టే ఈ మాట ఇంతగా చెల్లుబాటవుతోంది. వాటి నుంచి తీసిన తీర్పు మాత్రం తప్పు.

1. "చదివేవాళ్లు లేరు"

అచ్చయిన వ్యాసాన్ని అధికారి చదవకపోవచ్చు. ఆయన బల్ల మీదికి వచ్చేది వ్యాసం కాదు, పథకంలో ఫలానా ఏర్పాటు మారిస్తే ఏమవుతుందన్న ప్రశ్నకు కొలిచి చెప్పిన జవాబు.

గుజరాత్‌లో పరిశ్రమలు వదిలే కాలుష్యాన్ని ప్రైవేటు ఆడిటర్లు కొలిచేవారు. ఆ ఆడిటర్‌ని ఎంచుకునేదీ, ఫీజు ఇచ్చేదీ పరిశ్రమే. ఆర్థికవేత్తలు ఎస్తర్ డఫ్లో, మైకేల్ గ్రీన్‌స్టోన్, రోహిణీ పాండే, నికోలస్ రయన్ రాష్ట్ర కాలుష్య నియంత్రణ మండలితో కలిసి కొన్ని పరిశ్రమల్లో ఆ ఏర్పాటును రెండేళ్లపాటు మార్చి చూశారు. ఎవరికి ఏ ఆడిటర్ అన్నది లాటరీతో తేల్చారు. ఫీజు ఉమ్మడి నిధి నుంచి ముందే ఖరారు చేసిన మొత్తంగా చెల్లించారు. కొన్ని పరిశ్రమలకు రెండో బృందాన్ని పంపి మళ్లీ కొలిపించారు. రెండో ఏడాది, కొలత ఎంత సరిగా ఉంటే ఫీజు అంత ఎక్కువ అన్నారు. పాత పద్ధతిలో ధూళి కణాల పరిమితి దాటిన పరిశ్రమలు 7 శాతమేనని నివేదికలు చెప్పాయి. మళ్లీ కొలిస్తే అవి 59 శాతం అని తేలింది. కొత్త పద్ధతిలో తప్పుడు నివేదికలు 80 శాతం తగ్గాయి. కొలత నిజమైనదని తెలిశాక పరిశ్రమలు కాలుష్యాన్నీ తగ్గించుకున్నాయి. 2015లో ఆ మండలి లాటరీ కేటాయింపును అమల్లోకి తెచ్చింది.

ఇక్కడ పరిశోధన తేల్చింది కాలుష్యం మంచిదా చెడ్డదా అని కాదు. ఆడిటర్ జీతం ఎవరి చేతిలో ఉండాలన్నది తేల్చింది. విధానంలోకి పరిశోధన వచ్చే దారి చాలావరకు ఇలాంటి సన్నని దారే. బయటివాళ్ల కంట పడదు.

2. "ముందే నిర్ణయించుకుని ముద్ర వేయించుకుంటారు"

ఇలా జరుగుతుంది. కాదనడం నిజాయితీ కాదు. దేశ రుణం జీడీపీలో 90 శాతం దాటితే సగటు వృద్ధి మైనస్ 0.1 శాతానికి పడిపోతుందని 2010లో కార్మెన్ రైన్‌హార్ట్, కెన్నెత్ రోగాఫ్ రాశారు. అమెరికాలో, యూరప్‌లో ఖర్చులకు కోత పెట్టాలనుకున్న నాయకులు ఆ 90ని ఆయుధంగా పట్టుకున్నారు. 2013లో థామస్ హెర్న్‌డన్ అనే విద్యార్థి, మైకేల్ ఆష్, రాబర్ట్ పోలిన్‌లతో కలిసి, ఆ రచయితల నుంచే స్ప్రెడ్‌షీట్ తెచ్చుకుని లెక్క మళ్లీ చేశాడు. సగటు తీసే సూత్రంలో ఐదు దేశాల వరసలు చేరకుండా పోయాయి. కొన్ని సంవత్సరాల వివరాలు చేర్చలేదు. పైగా న్యూజిలాండ్‌లో 1951 ఒక్క ఏడాది నమోదైన మైనస్ 7.6 శాతానికీ, బ్రిటన్‌లో 19 ఏళ్ల సగటుకూ సమాన బరువు ఇచ్చారు. సరిచేస్తే సగటు 2.2 శాతం వచ్చింది. రుణం ఎక్కువున్నచోట వృద్ధి కొంత తక్కువే, కానీ 90 దగ్గర అగాధం లేదు.

ఈ ఉదంతాన్ని పరిశోధన పనికిరాదనడానికి రుజువుగా చూపిస్తుంటారు. జరిగింది చూడండి: లెక్క బయటపెట్టమని అడిగే అలవాటు ఉన్నందువల్లే తప్పు దొరికింది. ముద్ర కోసం పరిశోధనను వాడుకునే నాయకుడికి అడ్డు పడేది కూడా పరిశోధనే.

ఇక ఫలితం తెలియకముందే పరీక్షకు ఒప్పుకున్న ప్రభుత్వాలూ ఉన్నాయి. మెక్సికో 1997లో ప్రోగ్రెసా మొదలుపెట్టింది: పిల్లల్ని బడికీ, ఆరోగ్య పరీక్షలకూ పంపే పేద తల్లులకు నగదు ఇచ్చే పథకం. ఒకేసారి అన్ని ఊళ్లకూ ఇవ్వడానికి బడ్జెట్ చాలదు. ఎలాగూ కొన్ని ఊళ్లు ఆగాల్సిందే కాబట్టి, పరీక్ష కోసం ఎంచిన 506 ఊళ్లలో ఏ 320 ముందు, ఏ 186 తర్వాత అన్నది లాటరీతో నిర్ణయించారు. ఆగిన ఊళ్లతో పోల్చితే పథకం ఫలితం కనబడింది, ముఖ్యంగా ఆడపిల్లల మాధ్యమిక చదువులో. 2000లో ప్రభుత్వం మారింది. పాత ప్రభుత్వ పథకాలకు పట్టే గతి దీనికి పట్టలేదు. పేరు మార్చి పట్టణాలకూ విస్తరించారు. 2019లో మరో ప్రభుత్వం దాన్ని ఆపేసింది. ఆధారం ఉన్నంత మాత్రాన పథకానికి శాశ్వతత్వం రాదు.

3. "ఇద్దరు ఆర్థికవేత్తలు ఏకీభవించరు"

అమెరికాలోని న్యూజెర్సీ రాష్ట్రం 1992 ఏప్రిల్‌లో గంటకు కనీస వేతనాన్ని 4.25 డాలర్ల నుంచి 5.05కు పెంచింది. పక్కనున్న పెన్సిల్వేనియా పెంచలేదు. డేవిడ్ కార్డ్, అలన్ క్రూగర్ రెండు వైపులా 410 ఫాస్ట్‌ఫుడ్ రెస్టారెంట్లను పెంపుకు ముందూ తర్వాతా ఆరా తీసి, ఉద్యోగాలు తగ్గలేదని చెప్పారు. డేవిడ్ న్యూమార్క్, విలియం వాషర్ జీతాల రికార్డులు తీసుకుని దానికి విరుద్ధమైన ఫలితం చూపారు. కార్డ్, క్రూగర్ ప్రభుత్వ రికార్డులతో మళ్లీ జవాబిచ్చారు. బయటి నుంచి చూస్తే తగువులా ఉంటుంది. ఆ తగువు వల్ల ప్రశ్నే మారింది. కనీస వేతనం ఉండాలా వద్దా అన్నది పోయి, ఎంత వరకు పెంచితే నష్టం లేదన్నది మిగిలింది. బ్రిటన్ 1997లో లో పే కమిషన్‌ను పెట్టింది. తొమ్మిది మంది సభ్యులు: యజమానుల వైపు ముగ్గురు, కార్మికుల వైపు ముగ్గురు, స్వతంత్రులు ముగ్గురు. పరిశోధన చేయించుకుని, ఆధారాలు ముందు పెట్టుకుని రేటు సిఫారసు చేయడం వాళ్ల పని. 1999 ఏప్రిల్‌లో గంటకు 3.60 పౌండ్లతో అక్కడ కనీస వేతనం మొదలైంది.

భిన్నాభిప్రాయాల్లో కొన్నింటికి కారణం సిద్ధాంతం కాదు, నమూనా చాలకపోవడం. 100 ఊళ్లలో ఊరికి 20 కుటుంబాల చొప్పున 2,000 కుటుంబాలను అడిగారనుకుందాం. ఒకే ఊరివాళ్ల పరిస్థితులు కొంత ఒకేలా ఉంటాయి. 0 అంటే పోలికే లేదు, 1 అంటే అంతా ఒకటే అన్న కొలతలో ఆ పోలిక 0.1 అయితే, నమూనా సంఖ్యను 1 + (19 × 0.1), అంటే 2.9తో భాగించాలి (19 అంటే ఊళ్లోని 20 కుటుంబాల్లో ఒకటి తీసేస్తే మిగిలేవి). 2,000 కుటుంబాలు దాదాపు 690 కుటుంబాలతో సమానం. కొలవాల్సిన ప్రభావం అనుకున్న దాంట్లో సగమే అయితే నాలుగింతల నమూనా కావాలి. ఈ లెక్క ముందే వేయని అధ్యయనంలో "ప్రభావం కనబడలేదు" అని వస్తే, ప్రభావం లేదని అర్థం కాదు. రెండింటినీ ఒకటిగా చదవడం వల్లే కొన్ని కొట్లాటలు.

4. "ఒకచోట ఫలించింది ఇంకోచోట ఫలించదు"

నాలుగింటిలో బలమైన వాదన ఇదే, దీన్ని తేలిగ్గా తీసిపారేయకూడదు. కెన్యాలో కాంట్రాక్టు టీచర్లను పెడితే పిల్లల చదువు మెరుగుపడింది, ఆ పని స్వచ్ఛంద సంస్థ చేసినచోట. అదే పథకాన్ని అదే సమయంలో ప్రభుత్వ శాఖ నడిపిన బళ్లలో ఏ మార్పూ లేదు. ఫలితాన్ని మోసుకెళ్లేటప్పుడు నడిపే చెయ్యి మారితే ఏమవుతుందో చెప్పే అధ్యయనం ఇది. దీన్ని కనిపెట్టింది కూడా పరిశోధనే.

కొన్ని ఫలితాలు మాత్రం ఊరు దాటినా నిలుస్తాయి. దోమతెరకు డబ్బు పెడితేనే జనం విలువిచ్చి వాడతారని చాలాకాలం నమ్మారు. జెస్సికా కోహెన్, పాస్కలిన్ డ్యూపా కెన్యాలో గర్భిణుల ఆసుపత్రులకు లాటరీతో వేర్వేరు ధరలు కేటాయించారు. ఉచితం నుంచి 0.60 డాలర్లకు పెంచితే తీసుకునేవాళ్లు 60 శాతం పాయింట్లు, అంటే ప్రతి వంద మందిలో 60 మంది, తగ్గారు. ఉచితంగా తీసుకున్నవాళ్లు, కొన్నవాళ్ల కంటే తక్కువగా వాడలేదు. నులిపురుగుల మందు, నీటిని శుద్ధి చేసే క్లోరిన్ విషయంలోనూ చిన్న ధరకే జనం వెనక్కి తగ్గారు.

ఈ తేడా తెలియాలంటే ఫలితాన్ని కాదు, అది వచ్చిన విధానాన్ని చూడాలి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఉపాధి హామీ కూలీ, పింఛన్ల చెల్లింపుకు బయోమెట్రిక్ స్మార్ట్‌కార్డులను ఏ మండలంలో ముందు పెట్టాలో లాటరీతో నిర్ణయించారు. కార్తీక్ మురళీధరన్, పాల్ నీహాస్, సందీప్ సుఖ్తంకర్ 157 మండలాలను పోల్చారు. రెండేళ్లకు కార్డులు ముందు పెట్టిన మండలాల్లో దాదాపు సగం చెల్లింపులే కార్డుల మీదికి మారాయి. అయినా ఉపాధి హామీలో పక్కదారి పట్టే సొమ్ము 41 శాతం తగ్గింది. 90 శాతానికి పైగా లబ్ధిదారులు కార్డే బాగుందన్నారు. జార్ఖండ్ రేషన్‌లో ఆధార్ వేలిముద్రను తప్పనిసరి చేసినప్పుడు అదే ముగ్గురు మళ్లీ కొలిచారు. వేలిముద్ర ఒక్కదాని వల్ల దుర్వినియోగం తగ్గలేదు. అంతకుముందు ఆధార్ అనుసంధానం లేని కుటుంబాలకు అందే సరుకు సుమారు 10 శాతం తగ్గింది. యంత్రం ఒకలాంటిదే. ఆంధ్రప్రదేశ్‌లో కార్డు రానివాళ్లకు పాత పద్ధతిలో చెల్లింపు కొనసాగింది, జార్ఖండ్‌లో ఆ దారి మూసేశారు. వేలిముద్ర పథకం ఇంకో రాష్ట్రానికి తీసుకెళ్లాలనుకునే అధికారి ముందుగా రాసుకోవాల్సింది యంత్రాల కొనుగోలు పత్రం కాదు, వేలిముద్ర పడని రోజున ఆ మనిషికి డబ్బు గానీ బియ్యం గానీ ఎవరి సంతకంతో, ఎన్ని గంటల్లో ఇస్తారో.