కానుగ చెట్టు నేరాలు

మొగల్రాజపురంలోని మా అపార్ట్‌మెంటు సంఘం గత నెల రెండు తీర్మానాలు చేసింది. మొదటిది: గేటు పక్కనున్న కానుగ చెట్టును కొట్టించాలి. అభియోగం చిన్నదేమీ కాదు. వేసవి రాగానే కార్ల మీద పూలు రాలుస్తోంది, పైగా కాకులకు ఆశ్రయమిస్తోంది. రెండోది: పిల్లలకు చదువు మీద ధ్యాస నిలవడం లేదు కనుక మేడ మీది గదికి ఏసీ పెట్టించి, ఏకాగ్రత తరగతులు నడపాలి. రెండూ ఏకగ్రీవమే. చెట్టు తరఫున నేను చెయ్యెత్తాను గాని, ఫ్యాను వేగం పెంచమంటున్నానని అనుకున్నారు.

మిషిగన్ విశ్వవిద్యాలయానికి చెందిన రేచెల్, స్టీఫెన్ కప్లాన్ దంపతులకు మా సంఘంతో పరిచయం లేదు, పాపం. పట్టుబట్టి నిలిపే ధ్యాస వాడగా వాడగా అలసిపోతుందనీ, ఆకుల కదలికలాంటివి మనసును బలవంతం లేకుండా లాక్కొని దానికి విశ్రాంతినిస్తాయనీ 1989లో పుస్తకమే రాశారు. 2008లో అక్కడే కొందరిని ఒకసారి చెట్ల తోటలో, ఒకసారి ఊరి నడిబొడ్డున దాదాపు 50 నిమిషాలు నడిపించి, అంకెలు వినిపించి వెనక నుంచి అప్పజెప్పమన్నారు. తోట నుంచి వచ్చాక సుమారు 20 శాతం మెరుగ్గా చెప్పారు. చలికాలంలో నడిచినవాళ్లకు ఆ నడక ఏమంత నచ్చలేదు, మేలు మాత్రం జరిగింది. కాకరకాయ కూరలాగన్నమాట. చెట్ల బొమ్మలు చూసినా కొంత ఫలితముందని అదే పరిశోధనలో తేలింది. ఇది చెప్పడం నా పొరపాటు. మా అధ్యక్షుడు ఆ ఒక్క ముక్క పట్టుకుని ఏసీ గదికి అడవి ఫ్లెక్సీ కట్టించారు.

శాస్త్రమన్నాక మనమూ పరీక్షించాలి. ముందు బెంజి సర్కిల్ దగ్గర నడిచాను. ధ్యాస బాగానే నిలిచింది, ప్రాణం మీద. ఆ మర్నాడు భవానీ ద్వీపానికి పడవెక్కాను. ప్రకాశం బ్యారేజీ ఆపిన నీళ్లతో కృష్ణ నిండుగా ఉంది. పడవలో అందరూ నదికి వీపు పెట్టి, ఫోనులో తమ ముఖాల వెనక నది పడుతోందో లేదో చూసుకుంటున్నారు. నేను ఒక నీటికాకిని చూస్తూ కూర్చున్నాను. మునుగుతుంది, ఇక్కడ తేలుతుందనుకుంటే పది గజాల అవతల తేలుతుంది. మెడ విదిలించుకుని మళ్లీ మునుగుతుంది. ఒడ్డుకు దిగాక నా ఫోను నంబరు వెనక నుంచి గడగడా అప్పజెప్పాను. ముందు నుంచి చెప్పాలంటే మాత్రం ఇప్పటికీ మా ఆవిడనే అడగాలి.

చెట్టు పోయింది. పన్నెండేళ్లుగా దాని కింద కూర్చుని, ప్రతి కారు నంబరూ నోటికి చెప్పే మా వాచ్‌మన్ కుర్చీని జనరేటరు పక్కకు జరిపారు. నిన్న 204కు వచ్చిన పార్సిలు 402లో ఇచ్చాడు. ధ్యాస లేదని సంఘం అతనికి నోటీసిచ్చింది. మిషిగన్‌లో అయితే ఆ జవాబుకు మార్కులు పడేవి.