ఆరు సీట్లూ మనవాళ్లే

"మహారాష్ట్రలోని తడోబా అడవిలో పులి కనిపిస్తుందా?" అని అడిగేవాళ్లు ముందు తమ బండిలో ఎవరెవరు ఎక్కుతున్నారో చెప్పాలి. సఫారీ జిప్సీలో ముందు డ్రైవరు, పక్కన గైడు, వాళ్ల వెనక పర్యాటకులకు ఆరు సీట్లు. ఆరుగురూ ఒకే ఇంటివాళ్లైతే బండి ఖర్చు బయటివాళ్లతో పంచుకునే బాధ లేదు, నిజమే. కానీ పరాయివాళ్లు ఇద్దరుంటే మొహమాటానికైనా నోళ్లు మూతపడతాయి. ఆరుగురూ మనవాళ్లే అయితే ఆ మొహమాటం కూడా ఉండదు.

హైదరాబాదు నుంచి వచ్చిన ఒక కుటుంబాన్ని తీసుకుందాం. పెదనాన్న, పెద్దమ్మ, బాబాయి, పిన్ని, సఫారీ బుక్ చేసిన అమ్మాయి, ఆ అమ్మాయి పదేళ్ల తమ్ముడు. మే నెల. ఆదివారం రద్దీగా ఉంటుందని ఆలోచించి అమ్మాయి సోమవారం పొద్దుటి సఫారీ తీసుకుంది. మే నెలే ఎందుకంటే తడోబా ఉన్న చంద్రపూర్ జిల్లాలో అప్పుడు ఎండ 45 డిగ్రీలు దాటుతుంది. ఆకు రాలి అడవి పలచబడుతుంది. వాగులు ఎండిపోతాయి కనుక జంతువులన్నీ మిగిలిన నీటి గుంటల దగ్గరికే రావాలి. పులికి వేడి పడదు. నీళ్లలోకి వెనక్కి వెనక్కి నడుచుకుంటూ దిగి, పీకల్లోతు మునిగి గంటల తరబడి కూర్చుంటుంది. ఇంతవరకు అమ్మాయి లెక్కలో తప్పేమీ లేదు.

లెక్క తప్పింది బాబాయి దగ్గర. సఫారీ మొహర్లీ గేటుకైతే ఆయన గదులు కొలారా గేటు దగ్గర తీసుకున్నాడు. "తడోబా అంటే తడోబాయే కదమ్మా, ఏ గేటైతే ఏంటి?" అన్నాడు. తడోబా కోర్, అంటే అడవి నడిమి రక్షిత భాగం, ఒక్కటే 625 చదరపు కిలోమీటర్లు. మొహర్లీ దక్షిణాన చంద్రపూర్ వైపు, కొలారా ఉత్తరాన చిమూర్ వైపు. మధ్యలో ఉన్నదంతా అడవి. రాత్రిపూట అందులోంచి పోనివ్వరు కాబట్టి చిమూర్, వరోరా, చంద్రపూర్ మీదుగా చుట్టూ తిరిగి రావాలి. తక్కువలో తక్కువ రెండు గంటలు. పోనీ ఉన్నచోటే కొలారా గేటులో బతిమాలుకుందామంటే కుదరదు. కాగితం మీద ఏ గేటు పేరుంటే బండీ గైడూ అక్కడే ఉంటారు. గది వెతికేటప్పుడు తడోబా అని కాక గేటు పేరుతో వెతకాలన్న సంగతి ఆ కుటుంబానికి తెల్లవారుజామున రెండింటికి కారు డిక్కీలో సూట్‌కేసులు సర్దుతుండగా తెలిసింది.

గేటు దగ్గర ఇంకో గంట పట్టాల్సింది, అదృష్టం కొద్దీ పది నిమిషాల్లో తేలిపోయింది. బుకింగ్‌లో ఏ గుర్తింపు కార్డు నంబరిస్తే ఆ అసలు కార్డే చూపించాలి. పెదనాన్న జిరాక్సు తెచ్చుకున్నాడు, దానికి ల్యామినేషన్ కూడా చేయించి. అసలుది పెద్దమ్మ బ్యాగులోంచి బయటపడింది. "మీకు చెబితే పారేసుకుంటారని నేనే పెట్టానండీ" అంది. ఆ తర్వాత ఫోన్ల వంతు. కోర్ లోపలికి మొబైళ్లు తీసుకెళ్లనివ్వరు. పులి కనబడితే ఎవరో ఒకరు ఫోను చేస్తారు, ఎక్కడెక్కడి బండ్లూ ఒక్కచోటికి పరుగెడతాయి, పులికి దారి లేకుండా పోతుంది. అందుకే ఈ కట్టడి. పిన్ని ఫోను అప్పగిస్తూ, "మరి వెళ్లామని ఎవరు నమ్ముతారు?" అని గైడునే అడిగింది.

సీట్ల గొడవ గురించి ఒక్క మాట. వెనక వరస ఎత్తుగా ఉంటుంది, చూపుకు అడ్డు ఉండదు. అయితే అది వెనక చక్రాల మీద ఉంటుంది కనుక గుంత వచ్చిన ప్రతిసారీ నడుముకు కబురు అందుతుంది. పెద్దరికం చూపించి వెనక వరసెక్కిన పెదనాన్న రెండు కిలోమీటర్లలో మధ్య వరసకు దిగొచ్చి, "పిల్లలు చూడనీ" అన్నాడు. పిల్లాడు వెనక్కెళ్లాడు. ఆ రోజు ఆ బండిలో జరిగిన ఒకే ఒక్క మంచి పని అది.

బట్టల విషయం కూడా ఉంది. ఎర్రచీర కట్టుకుంటే పులి మీద పడుతుందని పెద్దమ్మ పిన్నిని దారిపొడవునా భయపెట్టింది. నిజానికి పులికీ జింకలకూ ఎరుపుకీ ఆకుపచ్చకీ పెద్ద తేడా తెలియదు. అడవిలో కొట్టొచ్చినట్టు కనిపించేది తెలుపు. తెల్ల లాల్చీ వేసుకొచ్చింది పెదనాన్న. దానికి వేరే మందు అక్కర్లేకపోయింది. ముందు వెళ్తున్న బండి లేపిన ధూళికి గంటలో అదీ ఖాకీ రంగుకొచ్చింది. ముక్కుకు కట్టుకోవడానికి తలా ఒక నూలు రుమాలు, తడిపి తెచ్చుకుంటే ఇంకా మంచిది.

మొహర్లీ నుంచి తడోబా చెరువుకు వెళ్లే దారి పక్కన పాత రాతి స్తంభాలు వరసగా కనిపిస్తాయి. గోండు రాజుల కాలంలో వీటి మీదుగా తాడు లాగి, గంటలు మోగించి రాజుగారు వస్తున్నారని కబురు పంపేవారని గైడులు చెబుతారు. ఈ బండి రాకను చెప్పడానికి గంటలు అవసరం లేకపోయింది. పెద్దమ్మ ఒళ్లో చేగోడీల డబ్బా ఉంది.

బాబాయి కెమెరా గురించి చెప్పకపోతే అన్యాయమవుతుంది. 600 మి.మీ. లెన్సు, అద్దెకు తెచ్చాడు. దూరాన కొమ్మ మీద కూర్చున్న గద్దకు అది బ్రహ్మాండంగా పనికొస్తుంది. కానీ తడోబాలో దారులు ఇరుకు, వెదురు దారి మీదికే వంగి ఉంటుంది. పదిహేను మీటర్లలో పులి నడిస్తే ఆ లెన్సులో మొహం తప్ప ఒళ్లు పట్టదు. 100 నుంచి 400 దాకా జూమ్ అయ్యేదైతే అన్నిటికీ సరిపోతుంది. పైగా పొదలో ఉన్నదాన్ని తీయాలంటే ఫోకస్‌ను ఒకే చిన్న చుక్కకు కుదించుకోవాలి. లేకపోతే కెమెరా ముందున్న ఆకును పట్టుకుంటుంది. ఆ రోజు బాబాయి తీసిన వాటిలో వెదురాకులు ఈనెలతో సహా వచ్చాయి. వాటి వెనక మసకగా ఉన్నది నెమలా అడవికోడా అని ఇంట్లో ఇంకా వాదన నడుస్తోంది.

ఆయన సరైన పని కూడా ఒకటి చేశాడు. జిప్సీలో ట్రైపాడ్‌కు చోటుండదు కాబట్టి గుడ్డ సంచిలో రెండు కిలోల బియ్యం పోసి తెచ్చాడు. బండి కడ్డీ మీద ఆ సంచి వేసి దానిమీద లెన్సు ఆనిస్తే చెయ్యి వణికినా బొమ్మ వణకదు. అనుభవం ఉన్నవాళ్లంతా చేసేది ఇదే. అయితే మొదటి గుంతకే పెద్దమ్మ ఆ సంచి లాక్కుని నడుము కింద పెట్టుకుంది. "మీ ఫొటోలకేం తొందర మరిదిగారూ, నా నడుము పోతే మళ్లీ రాదు."

చెరువు ఇంకా రాకముందే దారికి అడ్డంగా రేచుకుక్కలు దాటాయి. ఎర్రటి ఒళ్లు, నల్లటి కుచ్చు తోక, గుంపుగా కదులుతూ ఈలల్లాంటి కూతలతో ఒకదానికొకటి సంకేతాలిచ్చుకుంటాయి. ఇవి అంతరించే ప్రమాదంలో ఉన్న జాతి. వీటికోసమే తడోబాకు వచ్చేవాళ్లున్నారు. గైడు బండి ఆపించాడు. "కుక్కలకు కూడా ఆపుతాడా ఈయన? మన కాలనీలో లేవా?" అంది పెద్దమ్మ. వెనక్కి తిరిగి చూడకుండానే డ్రైవరు ఒకసారి దగ్గాడు.

కాస్త ముందు దుమ్ములో అడుగులు కనబడ్డాయి. "చిరుత" అని పెదనాన్న తీర్పిచ్చాడు. పులిదీ చిరుతదీ అడుగు ఒకే తీరుగా ఉంటుంది. నాలుగు వేళ్లు, వెనక పెద్ద మెత్త, గోళ్ల గుర్తులుండవు, ఎందుకంటే నడిచేటప్పుడు అవి గోళ్లు లోపలికి ముడుచుకుంటాయి. మామూలుగా గోళ్లు పడితే అది పిల్లిజాతి కాదు. చిరుతకూ పులికీ తేడా సైజులో తెలుస్తుంది. మగపులి అడుగు ఇంచుమించు చదరంగా, ఆడపులిది కాస్త పొడవుగా, వేళ్లు సన్నంగా ఉంటుంది. గైడు ఇదంతా హిందీలో చెబుతుంటే అమ్మాయి తెలుగులో చెప్పింది. "అడుగు టైరు గుర్తు కింద ఉందా, పైన ఉందా చూడండి. టైరు గుర్తు అడుగును తొక్కేస్తే పులి బండికి ముందే వెళ్లినట్టు. అడుగు టైరు గుర్తును తొక్కితే బండి పోయాక వచ్చినట్టు." ఇక్కడ టైరే అడుగును తొక్కింది. పాత కబురు. బండి ముందుకు కదిలింది.

అసలు కథ ఒక మలుపు దగ్గర మొదలైంది. ఎదురుగా ఎడమపక్క వెదురులోంచి "ఢాంక్" అని ఒక్క కేక. కణుజు, అంటే సాంబార్ జింక. గైడు చెయ్యెత్తాడు, డ్రైవరు ఇంజను ఆపేశాడు. చుక్కల దుప్పి కేకను అంతగా నమ్మడానికి లేదు, అది నీడకు కూడా బెదురుతుంది. కణుజు అలా కాదు. కంటితో చూసో, వాసన పట్టో, పెద్దజంతువు దగ్గర్లో ఉందని తేలితేనే అరుస్తుంది. చెట్టు మీది కొండముచ్చు "ఖక్ ఖక్" అని దగ్గితే ఇంకా మంచిది, పైనుంచి దానికి పొద లోపల కూడా కనిపిస్తుంది. అది ఎటు చూస్తోందో మనమూ అటే చూడాలి. ఇక మిగిలింది ఒకటే, కదలకుండా కూర్చోవడం. పది నిమిషాలు, పావుగంట, ఒక్కోసారి అరగంట. పులి బండిని చూసి భయపడదు, రోజూ చూసేదే. కానీ బండిలోంచి మనుషులు లేచి, చేతులూపి, గోల చేస్తే దారి మార్చుకుంటుంది.

రెండు నిమిషాలు బాగానే గడిచింది. మూడో నిమిషంలో పెద్దమ్మ డబ్బా మూత తీసింది. అరవకూడదన్నారు గానీ తినకూడదని గట్టిగా ఎవరూ అనలేదని ఆమె వాదన. నిజానికి గేటు దగ్గరే చెప్పారు, ఆమె కార్డు వెతుకుతోంది. చేగోడీ పళ్ల మధ్య విరిగితే ఎంత చప్పుడవుతుందో ఇంట్లో తెలియదు, ఫ్యాను తిరుగుతుంటుంది, టీవీ మోగుతుంటుంది. ఇంజను ఆగిన అడవిలో తెలుస్తుంది. గైడు వెనక్కి తిరిగి చూశాడు.

"నెమ్మదిగా నమలవే" అన్నాడు పెదనాన్న.

"చేగోడీ నెమ్మదిగా ఎలా నములుతారండీ, చప్పరించమంటారా?"

"అక్కా, నాకూ రెండియ్యి" అంది పిన్ని.

"వెనక కొండముచ్చు అరుస్తోంది, కుడిపక్కకి చూస్తోంది" అన్నాడు పిల్లాడు.

"కోతిని తర్వాత చూద్దువుగానిరా, ముందుకు చూడు! గైడు ముందుకే కదా చూపించింది?" అని బాబాయి గదిమాడు. గైడు కణుజు అరిచిన వైపు చూపించిన మాట నిజమే. కాకపోతే అది పది నిమిషాల కిందటి మాట. ఈలోగా పులి నడుస్తుంది కదా.

"ఇక్కడ నిలబెట్టి పెట్రోలు మిగుల్చుకుంటున్నారు" అని పెదనాన్న కారణం కనిపెట్టాడు. "అవతల నీళ్ల దగ్గర పులి పడుకుని ఉంటుంది, ఈయన మనల్ని చెట్లు చూడమంటున్నాడు."

"పులి కనబడితేనే టిప్పు. లేదంటే ఈ డ్రైవరుకు పది రూపాయలు కూడా ఇవ్వొద్దు. మొహం చూడు, నిద్ర మొహం" అని పెద్దమ్మ ముగించింది. తెలుగులోనే అంటున్నాం కదా అన్న ధీమా. ఆ ఊపులో ఒక చేగోడీ జారి దారి మీద పడింది. దిగి తీయడానికి లేదు, కోర్ లోపల బండి దిగితే జరిమానా. పిన్ని చెయ్యి చాపితే అందలేదు. తప్పు నీదంటే నీదని అక్కాచెల్లెళ్లు మరో అయిదు నిమిషాలు వాదించుకున్నారు.

చివరికి ఆరుగురిలో అయిదుగురు ఒక్కమాటగా నీళ్ల దగ్గరికి పొమ్మన్నారు. అక్కడ పదకొండు బండ్లు ఉన్నాయి. ఒక కొంగ, గట్టు మీద పడుకున్న ఒక మొసలి ఉన్నాయి. పులి లేదు. మొసలిని చూసి బాబాయి లెన్సు మార్చబోయాడు, తీసిన లెన్సులోకి దుమ్ము పోయింది. దుమ్ములో లెన్సు మార్చకూడదు. అందుకే జూమ్ ఉన్నది తెచ్చుకోమని చెప్పేది.

గేటు మూసే వేళకు బయటపడకపోతే డ్రైవరు మీద చర్య తీసుకుంటారు. కాబట్టి తిరుగు ప్రయాణంలో ఎవరి మాటా చెల్లదు, వచ్చిన దారినే వెనక్కి. ఆ మలుపు దగ్గరికి రాగానే గైడు మళ్లీ చెయ్యెత్తాడు. ఈసారి ఎవరికీ చెప్పాల్సిన అవసరం రాలేదు, పాఠం పొద్దున్నే అయింది. వాళ్ల బండి టైరు గుర్తు మీదే అడుగులు. ఇంచుమించు చదరంగా, పెద్దవి. వెదురులోంచి వచ్చి, బండి ఆగి ఉన్నచోటికి కాస్త వెనకగా దారి ఎక్కి, కుడిపక్క పొదల్లోకి దిగిపోయాయి. చేగోడీ ఉన్నచోట అడుగు కొంచెం పక్కకు పడింది.

"నేను చెప్పానుగా కుడిపక్కకని" అన్నాడు పిల్లాడు. అతనికి ఎవరూ బదులివ్వలేదు.

ఇంతలో ఎదురుగా ఇంకో జిప్సీ వచ్చి ఆగింది. అందులోని నాగపూర్ వాళ్ల మొహాలు చూస్తేనే తెలుస్తోంది. "దర్జాగా నడిచింది, అయిదు నిమిషాలు! మేం దూరంగా ఉన్నాం. దగ్గరలో ఒక బండి ఉంది గానీ పాపం వాళ్లు వెనక్కే తిరగలేదు. ఏదో కుటుంబం తగాదా అనుకుంటా" అన్నారు. అమ్మాయి దీన్ని తెలుగులో చెప్పలేదు. చెప్పకపోయినా అర్థమయ్యేంత హిందీ హైదరాబాదులో అందరికీ వస్తుంది.

గేటు బయట ఫోన్లు చేతికి రాగానే బాబాయికి ధైర్యం వచ్చింది. "పోతే పోయింది. గదులు ఎలాగూ ఇంకో రెండు రోజులున్నాయి. రేపు పొద్దున్నే మళ్లీ ఇదే గేటుకు వద్దాం, ఇదే బండి అడుగుదాం. ఏమ్మా, బుక్ చెయ్యి."

అమ్మాయి ఫోను తీసింది. డ్రైవరు అద్దం తుడుస్తూ తుడుస్తూ ఆగాడు.

"రేపు మంగళారం కదన్నా, కోర్ బంద్ ఉంటది" అన్నాడు. "బుధారం రండి. మాది బల్లార్షా, ఇంట్ల తెలుగే మాట్లాడుతం. జర చేగోడీలు మాత్రం రూమ్‌ల పెట్టి రండి."

పెద్దమ్మ పర్సు తెరిచి అయిదొందల నోటు తీసింది. తర్వాత ఆయన మొహం ఒకసారి చూసి, దానికి ఇంకోటి కలిపింది.