కొట్టేసిన చెక్ బౌన్స్ కేసు దానంతటది లేచి రాదు

"చెక్ బౌన్స్ కేసు కొట్టేశారా? టెన్షన్ వద్దు!" అని మొదలయ్యే మెసేజ్ ఈ వారంలో నాకు నాలుగోసారి వచ్చింది. పంపినవాళ్ళంతా మంచి మనసుతోనే పంపారు. కానీ నమ్మితే మునిగేది ఫిర్యాదు చేసినవాడే. అందులో ఉన్నవి ఇవి: అదే కోర్టులో రీస్టోర్ పిటిషన్ (కొట్టేసిన కేసు తిరిగి తెరవమని అడిగేది) వేస్తే చాలు, లేదంటే అదే చెక్కు మళ్ళీ బ్యాంకులో వేసి కొత్త కేసు పెట్టొచ్చు, అప్పీలుకు ముందు 20 శాతం కట్టాలి, హైకోర్టు దాకా పోనక్కర్లేదు, సెషన్స్ కోర్టు చాలు, ఏదీ కుదరకపోతే సివిల్ దావా ఎలాగూ ఉంది.

20 శాతం సంగతి ఒక్క మాటలో తేలిపోతుంది. చెక్కుల చట్టం (నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ యాక్ట్) 148 సెక్షన్ కింద ఆ డిపాజిట్ కట్టమనేది శిక్ష పడి అప్పీలుకెళ్ళే చెక్కు ఇచ్చినవాణ్ణి. డబ్బు పోగొట్టుకున్నవాణ్ణి కాదు.

చెక్కు మళ్ళీ వేయడమా? దాని ఆయుష్షు 3 నెలలు. కేసు ఏళ్ళ తరబడి నడిచాక ఏ బ్యాంకు తీసుకుంటుంది? పైగా ముద్దాయి నిర్దోషిగా బయటపడ్డాక అదే చెక్కు మీద మళ్ళీ కేసు నిలవదు.

అసలు ప్రమాదం రీస్టోర్ మాటలో ఉంది. మా బంధువు ఒకాయన నాలుగు లక్షల చెక్కు మీద కేసు వేశారు. ఒక వాయిదాకు ఆయనా రాలేదు, లాయరూ రాలేదు. కోర్టు కేసు కాగితంలో (డాకెట్) రెండు ముక్కలు: ఫిర్యాదీ గైర్హాజరు, ముద్దాయి విడుదల. ఎవరో ఇలాంటి సలహానే ఇస్తే అదే కోర్టులో పిటిషన్ వేసి, ఎనిమిది నెలలు వాయిదాలకు తిరిగారు. చివరికి "ఈ కోర్టుకు ఆ అధికారం లేదు" అని కొట్టేశారు. లేదు మరి! సివిల్ దావా ఇలా గైర్హాజరు వల్ల పోతే అదే కోర్టు తిరిగి తెరవగలదు. క్రిమినల్ కోర్టులో మేజిస్ట్రేటుకు తన ఉత్తర్వును తానే తిరగదోడే అధికారం లేదని సుప్రీంకోర్టు 1986లోనే చెప్పేసింది. సమన్లు వెళ్ళాక ఫిర్యాదీ రాలేదని కేసు మూసేస్తే చట్టం దృష్టిలో అది ముద్దాయిని నిర్దోషిగా వదిలేయడమే. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 256 సెక్షన్, కొత్త నాగరిక సురక్షా సంహితలో 279. దాని మీద అప్పీలే దారి. సమన్లు ఇవ్వకముందే ఫిర్యాదును తోసిపుచ్చితే అది వేరు, అక్కడ 90 రోజుల్లో రివిజన్, అంటే ఆ ఉత్తర్వును సరిచూడమని పై కోర్టును అడగడం. ఈ రెండింటికీ ఉన్న తేడా మెసేజ్ రాసిన మహానుభావుడికి పట్టలేదు. పట్టక్కర్లేదులెండి, పోయేది ఆయన డబ్బు కాదు కదా!

ఇక సెషన్స్ కోర్టు మాట. ఇదీ తప్పేనని రాయబోయి ఆగాను. ఏళ్ళ తరబడి ఫిర్యాదీ 60 రోజుల్లో హైకోర్టుకే వెళ్ళి, ప్రత్యేక అనుమతి తీసుకుని అప్పీలు వేయాల్సి వచ్చేది. కానీ 2025 ఏప్రిల్‌లో సెలెస్టియం ఫైనాన్షియల్ కేసులో సుప్రీంకోర్టు, చెక్ బౌన్స్ ఫిర్యాదీ కూడా 'బాధితుడే' అంది. బాధితుడికి చట్టం ఇచ్చిన అప్పీలు హక్కు ఫిర్యాదీకీ ఉంది కాబట్టి ఆ అనుమతి లేకుండానే పై కోర్టుకు అప్పీలు వేసుకోవచ్చు. మేజిస్ట్రేటు తీర్పయితే అది సెషన్స్ కోర్టే. ఈ మాట మాత్రం మెసేజ్‌లో నిజం, మంచి నిజం. గడువు మీద గొడవ రాకుండా 30 రోజుల్లోపే వేసేయడం క్షేమం. ఆర్డరు వచ్చిన రోజే సర్టిఫైడ్ కాపీకి అప్లై చేయండి. అప్లై చేసిన తేదీ, కాపీ తయారైన తేదీ దాని మీద ముద్రలో ఉంటాయి. కాపీ కోసం పట్టిన ఆ రోజులు గడువులోంచి తీసేస్తారు. ఆలస్యమైతే దాన్ని మన్నించమని డిలే పిటిషన్ వేయొచ్చు. కానీ ప్రతి రోజుకూ కారణం చూపించుకోవాలి. ఆ వాయిదాకు ఎందుకు రాలేకపోయారో చూపే ఆసుపత్రి చీటీయో, ప్రయాణ టికెట్టో ఉంటే పారేయకండి, అప్పీలుకు అదే బలం.

సివిల్ దావా ఉంది, నిజమే. కానీ డబ్బు వసూలు దావాకు మామూలుగా 3 ఏళ్ళే గడువు. క్రిమినల్ కేసు నడుస్తోంది కదా అని ఆ లెక్క ఆగదు. మా బంధువు డిలే పిటిషన్ పట్టుకుని హైకోర్టుకు వెళ్ళేసరికి, ఆయన చేతిలోని ప్రామిసరీ నోటుకు మూడేళ్ళ మీద నాలుగు నెలలు దాటిపోయాయి.